కట్ చెప్పిన తర్వాత నవ్వు

టీవీలో నేను మొదటిసారి చచ్చిపోయిన రోజు మా అమ్మ అన్నం తినలేదు. అదొక మధ్యాహ్నం సీరియల్. హీరోయిన్ ఇంట్లో కారు డ్రైవర్ వేషం నాది. లారీ గుద్దింది, ముక్కుల్లో దూది పెట్టారు, తెల్లగుడ్డ కప్పారు. మర్నాటి ఎపిసోడ్‌లో నా ఫొటోకి దండ కూడా వేసి గోడకు తగిలించారు. ఆ ఫొటో చూసి అమ్మ పల్నాడు నుంచి హైదరాబాదుకి ఫోన్ చేసింది.

"ఏంది నాయనా ఆ దండ? బజారంతా చూత్తన్నారు. తీసెయ్యమని చెప్పు వాళ్ళకి."

అప్పటికి నేను నటుడినవుదామని హైదరాబాదు వెళ్ళి చానాళ్ళయింది. గుంపులో ఒకడిగా నిలబడ్డాను, పోలీసుల వెనక పోలీసునయ్యాను, పెళ్ళిళ్ళలో అక్షింతలు వేశాను. తర్వాత ఎవరో అసిస్టెంట్ డైరెక్టర్ నన్ను ఎగాదిగా చూసి, కళ్ళు మూస్తే ఇట్టే శవంలా ఉంటావని మెచ్చుకున్నాడు. నేనూ దాన్ని మెచ్చుకోలుగానే తీసుకున్నాను. ఆ పైన వరసపెట్టి చావు వేషాలే వచ్చాయి. మాట్లాడే వేషం కోసం తిరిగితిరిగి, చివరికి ఊపిరి బిగబట్టే వేషంలో స్థిరపడ్డాను.

అమ్మ కంగారు తగ్గించాలని ఆ రోజు ఫోన్‌లోనే మా షూటింగుల్లో ఉన్న ఒక పద్ధతి చెప్పాను. చావు సీను అయిపోయి డైరెక్టర్ కట్ చెప్పగానే, చచ్చినట్టు పడుకున్నవాడిని కెమెరాలోకి చూసి ఒకసారి నవ్వమంటారు. ఆ ముక్క ఎక్కడా చూపించరు. కానీ తీస్తారు. నవ్వితే దోషం పోతుందని నమ్మకం.

"నువ్వు నవ్వావా?" అంది అమ్మ.

"నవ్వానమ్మా."

"పళ్ళు కనపడేట్టు నవ్వావా, ఊరికే మూతి సాగదీసి ఊరుకున్నావా?"

ఏదో ఆ పూటకి సర్దిచెప్పడానికి అన్న మాట అది. అమ్మ దాన్ని కోటప్పకొండ మొక్కులా పట్టుకుంది. అప్పట్నుంచి ఎప్పుడు ఫోన్ చేసినా "నవ్వావా?" అనేది ముందు. తిన్నావా, పడుకున్నావా అనేవన్నీ తర్వాతే. నేను శవం వేషం వేయని రోజుల్లో కూడా అడిగేది.

నాన్న మాత్రం నేను బతికున్న వేషమూ చూడలేదు, చచ్చిన వేషమూ చూడలేదు. ఆయన టీవీ పెట్టేది రాజకీయాల కోసం. మిరపతోట, పత్తిచేను, ఊరి గొడవలు, ఇవే ఆయన లోకం. మాది రొంపిచెర్ల దగ్గర పల్లె. మావైపు ఊళ్ళలో పార్టీ అంటే ఒక్క ఓటుతో పోయేది కాదు. ఏ టీకొట్టు బల్ల మీద కూర్చోవాలి, ఎవరి పెళ్ళికి వెళ్ళాలి, ఎవరి చేలోంచి ట్రాక్టర్ తిప్పుకోవాలి, అన్నీ దాంట్లోనే ఉంటాయి. నాన్న ఒకసారి సర్పంచిగా నిలబడి గెలిచారు. ఓడిపోయినాయన పక్క బజారులోనే ఉంటారు. నాన్నకు బామ్మర్ది వరస, నాకు మావయ్య. కుర్రతనంలో ఇద్దరూ ఒకే సైకిలు మీద నరసరావుపేటకు సినిమాకి వెళ్ళి, టైరు పంక్చరై తెల్లారేదాకా నడిచి వచ్చారని మా నాయనమ్మ చెప్పేది. ఆ ఎన్నికతో వాళ్ళ మధ్య మాట పోయింది. పొలం గట్లు కలిసే ఉన్నా, ఎదురుపడితే ఒకరు ఆకాశం చూసేవాళ్ళు, ఇంకొకరు చెప్పులు చూసుకునేవాళ్ళు. ఇంట్లో మావయ్య ప్రస్తావన వస్తే నాన్న పేరెత్తకుండా "ఆ పెద్దమనిషి" అనేవారు.

"మీవాడేం చేత్తన్నాడు?" అని ఎవరైనా అడిగితే నాన్న "ఏందో తీత్తన్నాడు" అనేవారు. అంత చిన్న మాటలో నా బతుకంతా పట్టించేశారు. నాకు కోపం వచ్చేది. ఒకసారి నా ముందే అంటే, "ఏందో కాదు నాన్నా, సినిమా" అని గట్టిగానే అన్నాను. "ఆ, అదేలే" అన్నారాయన.

నిజంగానే అప్పటికి నేను తీయడం మొదలుపెట్టాను. ఎవరో పిలిచి వేషం ఇస్తారని ఎదురు చూసి చూసి విసుగొచ్చి, ఇద్దరు స్నేహితులతో కలిసి చిన్న చిన్న సినిమాలు తీసేవాణ్ణి. ఒకడు కెమెరా పట్టేవాడు, ఒకడు సౌండ్ చూసుకునేవాడు. మేం తీసినవాటిని మేమూ, మాలాంటివాళ్ళు ఇంకొందరూ చూసుకునేవాళ్ళం. నాకొక పంతం ఉండేది. డబ్బింగు చెప్పించను, బయట దొరికే సౌండ్ తెచ్చి అతికించను, అక్కడ వినిపించిందే సినిమాలో ఉండాలి. రెండు యూట్యూబ్ ఇంటర్వ్యూల్లో ఈ మాట మహా గొప్పగా చెప్పుకున్నాను. చేతిలో ఇంకేమీ లేనివాడికి పంతమైనా ఉండాలిగా.

పెద్ద సినిమా ఒకటి మా ఊళ్ళోనే తీద్దామనుకున్నాను. కథ చాలా చిన్నది. ఊరి పెద్ద ఒకాయన చనిపోతాడు. పాడె ఏ పార్టీ వాళ్ళ బజారు మీదుగా వెళ్ళాలనే దగ్గర తగువు మొదలవుతుంది. శ్మశానానికి వెళ్ళే దారిలో సగం దూరాన పాడె దించి, పోయినవాడి చెవి దగ్గర వంగి మూడుసార్లు పిలవడం ఉంది కదా, ప్రాణం ఏమూలనైనా ఉంటే పలుకుతాడేమోనని? ఆ దింపుడు కళ్ళం దగ్గర, బతికుండగా ఆ పెద్దమనిషితో మాట్లాడని విరోధి ముందుకొచ్చి పిలుస్తాడు. అదీ సినిమా. ఈ కథ నాకు ఎక్కడ దొరికిందో నాన్నకు చెప్పలేదు.

పిలిచే వేషానికి మావయ్యనే అడిగాను. మా ఇంటి మనిషి ఆ గడప తొక్కి ఏళ్ళయింది. ఆయన మంచం మీద కూర్చోబెట్టి మజ్జిగ ఇప్పించారు.

"మీ నాయనకు తెలుసా?"

"తెలీదు మావయ్యా."

"నేను పిలవాల్సింది ఎవుర్ని?"

"నరసరావుపేట నుంచి నాటకాలాయన వస్తున్నాడు. పాడె మీద ఆయన పడుకుంటాడు."

"అట్టయితే వత్తాలే" అన్నారు.

చివరి రోజుకి ఆ సీను పెట్టుకున్నాను. ఆ రోజు పొద్దున్నే ఊరంతా మా ఇంటి ముందు చేరింది. రెండు పార్టీల వాళ్ళూ వచ్చారు. ఆడవాళ్ళు అన్నం వండుతున్నారు. పచ్చి వెదురుతో పాడె కట్టారు, బంతిపూలు చుట్టారు. పేట నుంచి వచ్చిన నాటకాలాయన ఆ పాడె చుట్టూ ఒకసారి తిరిగి చూసి, దండం పెట్టేశాడు. నాటకంలో చస్తే తెర పడ్డాక లేచి జనానికి కనిపిస్తాం, ఇది వేరు, ఇది నిజం పాడె, నావల్ల కాదన్నాడు. నవ్వు షాట్ తీస్తామని చెప్పాను. బతిమాలాను. ఆయన బస్సెక్కి వెళ్ళిపోయాడు.

నాన్న అప్పటిదాకా చేతులు వెనక్కి కట్టుకుని వేపపుల్ల నములుతూ చూస్తున్నారు. పుల్ల పారేసి నా దగ్గరకొచ్చారు.

"ఇంతమందిని రమ్మని తిప్పి పంపుతావా? మన వాకిట్లోకి వచ్చినోళ్ళు. నేను పడుకుంటాలే."

అమ్మ వంట దగ్గర్నుంచి గరిటెతో సహా వచ్చింది.

"ఏమయ్యో, నీకేమన్నా బుద్ధుందా? బతికుండంగా పాడె ఎక్కుతారా ఎవరన్నా?"

"ఏమే, ఇప్పుడెక్కకపోతే ఎప్పటికీ ఎక్కనా ఏంది?"

జనం నవ్వారు. అమ్మ నవ్వలేదు. చాలాసేపు గొడవయింది. చివరికి అమ్మ నాన్న చెయ్యి తన తల మీద పెట్టించుకుంది. "అయిపోగానే నవ్వాలి. వీడు చెప్పినట్టు కెమెరాలో చూసి, పళ్ళు కనపడేట్టు నవ్వాలి. ఒట్టు" అంది. నాన్న "సరేలేవే" అన్నారు. అమ్మ ఇంట్లోకి వెళ్ళి తలుపులన్నీ వేసుకుంది. నాన్నను అలా చూడలేనని, బయట మాటలు కూడా చెవిన పడకూడదని టీవీ సౌండ్ బాగా పెంచుకుంది. కట్ చెప్పాక ఎవరైనా వచ్చి పిలిస్తేనే బయటికొస్తానంది.

ఇంకొక మనిషి అక్కణ్ణుంచి వెళ్ళిపోతాడేమోనని భయపడ్డాను. మావయ్య వెళ్ళలేదు. రచ్చబండ దగ్గర నిలబడి బీడీ తాగుతూ, పాడె మీద నాన్న సర్దుకుని పడుకోవడం చూస్తున్నారు. పాడె ఎత్తేవేళకు బీడీ పారేసి వచ్చి మోసేవాళ్ళ పక్కన చేరారు. చెవి దగ్గర పిలుపు బాగా వినపడాలని మా సౌండ్ స్నేహితుడు నాన్న చొక్కా లోపల చిన్న మైకు పెట్టాడు. నేను దూరంగా మలుపులో కెమెరా దగ్గర ఉన్నాను. నాన్నకు ముందే చెప్పాను, కదలొద్దు, కనురెప్ప కూడా అదరకూడదు, ఎవరు పిలిచినా పలకొద్దు అని. అటు జనం గోలగోలగా ఉన్నారు. గట్టిగా అరిచాను. సద్దుమణిగారు. షాట్ మొదలుపెట్టాం.

పాడె మలుపు తిరిగి వచ్చింది. రెండు బజార్లు కలిసేచోట దించారు. మావయ్య మోకాళ్ళ మీద కూర్చుని నాన్న చెవి దగ్గర వంగారు.

"బావా" అన్నారు. పొడిగా ఉంది. "బావా" అన్నారు మళ్ళీ. మూడోసారి నోరు తెరిచారు గానీ మాట రాలేదు. కాసేపటికి వచ్చింది. నేను రాసుకున్న కథలో అలా లేదు. ఏళ్ళ తరబడి బిగబట్టుకున్న పిలుపు ఒక్కసారిగా జారిపోయినట్టు వచ్చింది. నాన్న కదల్లేదు. పలకలేదు. ఇంత మంచి షాట్ నా జన్మలో మళ్ళీ రాదని నాకు తెలిసిపోయింది. కట్ చెప్పాను.

ఎవరో వెళ్ళి తలుపు కొడితే అమ్మ పరుగున వచ్చింది. నాన్న పాడె అంచున కూర్చుని ఉన్నారు, నుదుటి మీద పసుపు, మెడలో బంతిదండ.

"నవ్వయ్యా" అంది అమ్మ.

కెమెరా ఆయన ముందు పెట్టాం. నాన్న ఆధార్ ఫొటోకి కూర్చున్నట్టు బిగుసుకుపోయారు. ఒకడు మా ఎమ్మెల్యేలా నడిచి చూపించాడు. ఇంకొకడు చక్కిలిగిలి పెట్టబోయి తిట్లు తిన్నాడు. అమ్మ ఎదురుగా నిలబడి, "పెళ్ళిచూపుల్లో నన్ను చూసి ఊరికే ఇకిలిత్తా కూసున్నావు గదా, ఇప్పుడేమొచ్చింది?" అంది. జనమంతా విరగబడి నవ్వారు. నాన్న మాత్రం అమ్మ వైపు చూసి మెల్లగా అన్నారు.

"రావట్లేదే."

సాయంత్రమైంది. షూటింగ్ పూర్తయిందని గుమ్మడికాయ కొట్టాలి. అమ్మ కొట్టనివ్వలేదు. కాయ కొట్టాక ఇంక కెమెరా తెరవకూడదని కూడా నేను ఏనాడో చెప్పి ఉన్నాను. ఆయన నవ్వేదాకా కాయ కొట్టడానికి లేదని దాన్ని ఒళ్ళో పెట్టుకుని అరుగు మీద కూర్చుంది. వచ్చినవాళ్ళు ఇళ్ళకు పోలేక, ఉండలేక నిలబడ్డారు. చివరికి నాన్నే అమ్మ ఒళ్ళోంచి కాయ తీసుకుని వీధిలో పగలగొట్టారు. "పొండి, అందరూ అన్నాలు తినండి" అన్నారు.

పంపు దగ్గర పసుపు కడుక్కుంటుంటే నేను చెంబుతో నీళ్ళు పోశాను. నవ్వితే ఏం పోయేది నాన్నా అని అడిగాను.

"వాడు మూడోసారి పిలిచేటప్పుడు ఇక్కడ తడి తగిలిందిరా" అని చెంప చూపించారు. "దాని తర్వాత నవ్వెట్టా వత్తది?"

"వాడు" అన్నారు. "ఆ పెద్దమనిషి" అనలేదు.

ఆ తర్వాతైనా ఇద్దరూ మాట్లాడుకుంటారని అనుకున్నాను. అదేమీ జరగలేదు. అలవాటైపోయిన మౌనం అంత తేలిగ్గా పోదు. నేను హైదరాబాదు వచ్చేశాను. తీసిందంతా హార్డ్ డిస్క్‌లో పడి ఉంది. ఎడిటింగ్ సాగుతూనే ఉంది.

మిరపకాయలు కల్లంలో ఎండబోసిన రోజుల్లో నాన్న ఆ కాయల మధ్యనే కూలబడిపోయారు. కుడిపక్క చచ్చుబడింది. ముందు పేటలో, తర్వాత గుంటూరులో ఆసుపత్రి. నేను వెళ్ళేసరికి మాట లేదు. మూతి ఒక పక్కకు లాగేసింది. అమ్మ ఆ మూతిని కొంగుతో తుడుస్తూ, సరిచేస్తున్నట్టు పక్కకు నెడుతూ ఉండేది. అది ఎందుకో నాకు తెలుసు. నేను వార్డు బయటికి వచ్చేసేవాణ్ణి. రెండు వారాలు కూడా లేరు నాన్న.

చావింట్లో మావైపు ఆడవాళ్ళు శోకాలు పెడతారు. పోయినవాళ్ళ మంచీ చెడ్డా, తిన్నదీ తిననిదీ అన్నీ రాగం తీసి ఏడుస్తారు. అమ్మ నాన్న పాదాల దగ్గర కూర్చుని ఒకే మాట పట్టుకుంది. "నవ్వమంటే నవ్వకపోతివయ్యో, నా మాట ఇనకపోతివయ్యో, నవ్వి ఉంటే బతికుండేవోడివయ్యో" అని. ఊరంతా విన్నారు. విని, కుండ పట్టుకుని నిలబడిన నన్ను చూశారు. అమ్మ నన్ను ఒక్క మాట కూడా అనలేదు. అనకపోవడమే నన్ను కాల్చింది.

మావయ్య అడక్కుండానే వచ్చి పాడె కొమ్ము పట్టారు. అదే దారి, అదే మలుపు. రెండు బజార్లు కలిసేచోట దించారు. ఈసారి పిలవాల్సింది కొడుకు. నేను వంగి నాన్నా అని పిలిచాను. అదే చోట ఎవరు పిలిచినా పలకొద్దని ఆయనకు చెప్పినవాణ్ణి నేను. నాన్నా, నాన్నా అని పిలిచి, నిజంగానే ఎదురుచూశాను. ఎంతసేపు చూశానో ఏమో, మావయ్య నా భుజం పట్టి లేపారు.

కర్మలు అయ్యాక హైదరాబాదు వచ్చాను. ఒక సీరియల్ వాళ్ళు మళ్ళీ శవం వేషానికి పిలిచారు. వెళ్ళాను. కట్ చెప్పి నవ్వమన్నారు, నవ్వాను. ఆ రోజు సాయంత్రం దాకా ఫోన్ చేతిలోనే పట్టుకుని కూర్చున్నాను. అమ్మ అడగలేదు. ఆ తర్వాత ఎప్పుడూ అడగలేదు. ఊరెళ్ళినప్పుడు మాత్రం పరామర్శకు ఎవరొచ్చినా అమ్మ చివర్లో "ఆయన నవ్వలేదమ్మా ఆ రోజు" అనేది. అన్నం వడ్డిస్తూ వడ్డిస్తూ నా మొహం చూసి, చూపు తిప్పుకునేది. సినిమా అనే మాట మా ఇంట్లో లేకుండా పోయింది.

నేను మాత్రం దాన్ని వదిలేయలేకపోయాను. చదువుకుని, ఉద్యోగం మానుకుని, ఇన్నేళ్ళు తిరిగి నేను చేసింది ఆ ఒక్క సినిమా. అందులో నాన్న ఉన్నారు. చాలా నెలల తర్వాత ధైర్యం తెచ్చుకుని ఆ చివరి సీను తెరిచాను. బొమ్మ చూడలేక సౌండ్ ఒక్కటే పెట్టుకున్నాను. నాన్న చొక్కాలో పెట్టిన మైకు అది. మా స్నేహితుడికి రికార్డర్ ముందే ఆన్ చేసి వదిలేసే అలవాటు. షాట్‌కి చాలా ముందు నుంచీ ఉంది. నాన్న ఊపిరి వినిపిస్తోంది. వెదురు కిర్రుమంది. ఎవరో అటూ ఇటూ తిరుగుతున్నారు. అప్పుడు నాన్న గొంతు.

"ఏరా బామ్మర్దీ, ఆ రోజు ఓటెయ్యమంటే ఎయ్యలా, ఇయ్యాల మొయ్యమంటే వచ్చావు."

తర్వాత నవ్వు. నాన్న నవ్వు. కడుపులోంచి, దగ్గు కలిసి, ఆగి ఆగి వచ్చే నవ్వు. పక్కన మావయ్య "నోరు మూసుకుని పడుకో బావా, చచ్చినోడివి" అనడం, ఆ మాటకి నాన్న ఇంకా నవ్వడం. జనం గోల అని నేను దూరంగా ఉండి అనుకున్నది ఇదే. ఇన్నేళ్ళ తర్వాత వాళ్ళిద్దరూ మాట్లాడుకున్న మాటలు ఇవి. నేను హెడ్‌ఫోన్ తీసి పక్కన పెట్టి ఏడ్చాను.

కానీ ఆ నవ్వు షాట్‌కి ముందుది. ముందు నవ్వితే లెక్కలోకి రాదు. చచ్చి లేచాక నవ్వాలి. అమ్మకు ఆ పద్ధతి నేర్పినవాణ్ణి నేనే, నాకంటే ఎవరికి తెలుసు? కట్ తర్వాత ఏముందో కూడా విన్నాను. నాన్న ఊపిరి, మావయ్య ముక్కు ఎగబీల్చడం, కాసేపటికి నాన్న మెల్లగా "లెయ్యిరా, మోకాళ్ళు నొప్పి పుడతయ్" అనడం. అంతే.

ఆ నవ్వును కత్తిరించాను. మాటలు తీసేశాను, నవ్వు తర్వాత వచ్చే నా గొంతు తీసేశాను. ఒట్టి నవ్వు తీసుకెళ్ళి నేను కట్ చెప్పిన తర్వాత అతికించాను. గాలి సరిపోయేలా, వెదురు చప్పుడు సరిపోయేలా సరిచేశాను. దొంగ సౌండ్ పెట్టనని ఊరంతా చెప్పుకుని తిరిగినవాడు చేసిన పని అది. అతుకు ఎక్కడా తెలియలేదు. ఇన్నేళ్ళలో అంత శ్రద్ధగా నేను ఏ పనీ చేయలేదు.

ఊరెళ్ళి అమ్మ చెవులకు హెడ్‌ఫోన్ పెట్టాను. నాన్న గొంతు దొరికిందమ్మా, విను అన్నాను. ఆమె కళ్ళు మూసుకుని వింది. బావా, బావా, బావా. తర్వాత నేను కట్ చెప్పడం. తర్వాత నాన్న నవ్వు. అమ్మ కళ్ళు తెరిచింది.

"ఇది ముందు నవ్విందా, అయిపోయినాక నవ్విందా?"

"అయిపోయాకేనమ్మా. కట్ అనడం విన్నావుగా. నిన్ను పిలిచేలోపలే నవ్వేశారు."

"నాకు చెప్పలా చూడు" అంది. "నేనొచ్చేతలికి ఏమీ ఎరగనట్టు కూసున్నాడు. ఎంత మొండి మనిషి, ఎంత మొండి మనిషి నాయనా" అంటూ హెడ్‌ఫోన్ తీయకుండానే ఏడ్చింది. ఎన్నిసార్లు పెట్టించుకుందో. చివరికి, "ఇది సినిమాలో పెట్టు. అందరూ ఇనాలి" అంది.

పెట్టాను. సినిమా చివర పాడె దించిన చోట బొమ్మ ఆగి తెర నల్లబడుతుంది. ఆ నలుపు మీద కట్ అన్న నా మాట, తర్వాత ఆ నవ్వు. ఫెస్టివల్స్‌కి పంపితే చాలా చోట్ల వద్దన్నారు, రెండు చోట్ల వేశారు. ఆ చివరి నవ్వు చాలా సహజంగా ఉందని ఒకాయన రాశాడు.

నరసరావుపేటలో ఒక చిన్న కల్యాణమండపం మాట్లాడి ఊరివాళ్ళ కోసం ఆట వేశాం. ఆటోల్లో, ట్రాక్టర్ల మీద వచ్చారు. రెండు పార్టీల వాళ్ళు హాలుకి రెండు పక్కల కూర్చున్నారు. అమ్మ ముందు వరసలో కూర్చుంది. పాడె మోసినవాళ్ళు కూడా వచ్చారని చూశాక గానీ నాకు ఆ సంగతి తట్టలేదు. ఆ నవ్వు ఎప్పటిదో వాళ్ళకు తెలుసు. అన్నీ ఆలోచించి అతికించినవాణ్ణి, ఆ పాడె పక్కన మనుషులున్నారన్న సంగతి మరిచిపోయాను.

తెర నల్లబడింది. కట్. నవ్వు. హాల్లో లైట్లు వేశారు. ఎవరూ లేవలేదు. అమ్మ మాత్రం లేచి వెనక్కి తిరిగి, అటువైపు వరసల్లో మావయ్యను వెతికి పట్టుకుంది.

"తమ్ముడూ, నువ్వు పక్కనే ఉన్నావు గదా. కట్ అన్నాక నవ్వాడంట గదా మీ బావ?"

మోసినవాళ్ళు ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. నేను నేల చూశాను. మావయ్య తువ్వాలుతో మొహం తుడుచుకుని లేచి నిలబడ్డారు.

"నవ్వాడక్కా. నేను పిలిచినాక నవ్వాడు. నా చెవులతో ఇన్నా."

"మాకూ ఇనపడింది పెద్దమ్మా" అన్నాడు కాళ్ళ వైపు పట్టినతను.

అమ్మ తల ఊపింది. "అట్టయితే ఇంకేం లేదులే" అని కూర్చుంది. పక్కనున్న ఆడవాళ్ళను ఏమైనా తిన్నారా అని అడగడం మొదలుపెట్టింది. కాసేపటికి నన్ను దగ్గరకు పిలిచి, మళ్ళీ ఎప్పుడు హైదరాబాదు పోతావు, వేషాలేమన్నా వచ్చాయా అంది. ఏదో ఒకటి వచ్చిందన్నాను. "నవ్వటం మర్చిపోబాక" అంది.

జనం వెళ్ళిపోతుంటే బయటికొచ్చాను. మావయ్య బండి స్టాండు కూడా తీయకుండా దాని మీద కూర్చుని ఉన్నారు. నేను వెళ్ళి పక్కన నిలబడ్డాను.

"ఆ నవ్వు ముందుది గదరా అల్లుడూ" అన్నారు.

"అవును మావయ్యా."

"నన్ను చూసి నవ్వింది."

"అవును."

"ఆ కట్ గిట్ లేకుండా, అసలుది ఉందా నీ కాడ?"

ఫోన్‌లో ఉంది. అది లేకుండా నేను ఎక్కడికీ వెళ్ళను. ఇయర్‌ఫోన్ ఒకటి ఆయన చెవిలో పెట్టి, ఒకటి నేను పెట్టుకున్నాను. వెదురు కిర్రుమంది. ఏరా బామ్మర్దీ అన్నారు నాన్న. మావయ్య పెదాలు కదులుతున్నాయి, తన మాటలు తాను మళ్ళీ చెప్పుకుంటున్నారు. నాన్న నవ్వు మొదలైంది. దగ్గు కలిసింది. ఆగి మళ్ళీ వచ్చింది. ఇంకా వచ్చేదే. ఇంతలో దూరం నుంచి, కోపంగా, నా గొంతు వచ్చింది.

"సైలెన్స్!"

నాన్న వెంటనే నవ్వు ఆపేశారు.